తెర చివర ఒక పేరు

దూరదర్శన్ ప్రొడ్యూసరు అనే కొలువు ఇక లేనట్టే. పదవి పేరు కాగితాల మీద ఉంటే ఉండవచ్చు. నేను తలుచుకుంటున్నది ఆ పని తీరును, దాని ఓర్పును.

సినిమా నిర్మాతలా డబ్బు పెట్టే మనిషి కాదు ఆయన, లేదా ఆవిడ. విషయం ఎంచుకోవాలి, రాయించాలి, పల్లెకు పోయి తీయాలి, టేపు మీంచి టేపుకు ఎక్కిస్తూ రాత్రిళ్లు కూర్చోవాలి, ప్రసారం అయ్యేదాకా పూచీ పడాలి. ఇంతా చేస్తే తెర చివర పేరు ఒక్క క్షణం మెరిసి పోయేది.

ఈ కొలువు పుట్టిల్లు బీబీసీ. అక్కడ పనిచేసిన లయనెల్ ఫీల్డెన్ 1935లో మన దేశానికి వచ్చి రేడియోను నడిపాడు. ఆ ఒరవడి ఆకాశవాణిలో పెరిగి పెద్దదై టీవీకి చేరింది. 1975 ఆగస్టు నుంచి ఏడాదిపాటు ఆరు రాష్ట్రాల్లో 2,400 పల్లెలకు ఉపగ్రహం ద్వారా టీవీ చూపినప్పుడు, తెలుగు కార్యక్రమాలు హైదరాబాదులో తయారయ్యాయి. పొలం పని చేసుకునేవాళ్లకు ఏది ఎలా చెబితే అందుతుందో మన ప్రొడ్యూసర్లు అప్పుడే నేర్చారు. 1977 అక్టోబరు 23న హైదరాబాదు కేంద్రం మొదలైంది.

నెల్లూరు తీరంలోని మా జువ్వలదిన్నె వైపు ఇళ్ల మీద యాంటెన్నాలు లేచింది ఆ తర్వాత, ఎనభైల్లో. గాలి అనుకూలించిన రాత్రి మద్రాసు కేంద్రం కూడా తగిలేది. అక్షరం రాని మా పట్టపు జాలరి పెద్దలు చాపల మీద కూర్చుని తెలుగు కార్యక్రమం చివరిదాకా చూసేవాళ్లు. చెప్పేవాళ్లకు తొందర లేదు. రైతు మాట్లాడితే మధ్యలో తుంచేవాళ్లు కాదు, జాలరి యాసను దిద్దేవాళ్లు కాదు. ఆ మర్యాద కెమెరా ముందున్న మనిషిది కాదు, వెనక నిలబడినవారిది. శుక్రవారం వచ్చే సినిమా పాటల చిత్రలహరి కోసం పిల్లలం ఎంత ఎదురుచూశామో చెప్పనక్కర్లేదు గానీ, మా పెద్దలకు అదొక్కటే టీవీ కాదు.

1983 నవంబరు 14న శాంతిస్వరూప్ గారు దూరదర్శన్‌లో తొలి తెలుగు వార్తలు చదివారు. ఆయన ముఖం అందరికీ తెలుసు, 2024లో వెళ్లిపోతే రాష్ట్రమంతా తలుచుకుంది. ఆయనలాంటివారి వెనక పనిచేసిన ప్రొడ్యూసర్ల పేర్లు మాత్రం ఊళ్లో ఎవరికీ తెలియవు. అది నాకు బాధ.

1995లో జెమిని, ఈటీవీ వచ్చాయి. ప్రేక్షకుడు అటు మళ్లాడు. అందులో తప్పు పట్టేదేమీ లేదు. పని ముక్కలైంది: రాసేవారొకరు, తీసేవారొకరు, కూర్చేవారొకరు, రేటింగులు చూసేవారు మరొకరు. మొత్తానికి నాది పూచీ అనే మనిషి కనబడకుండా పోయాడు. 2022 నాటికి కొన్ని తప్ప దూరదర్శన్ అనలాగ్ ట్రాన్స్‌మిటర్లన్నీ ఆగిపోయాయి.

2024 ఆగస్టు 30న ప్రధానమంత్రి దూరం నుంచే మా జువ్వలదిన్నె చేపల హార్బరును ప్రారంభించారు. ఆనాటి ప్రొడ్యూసరు గనక ఉండి ఉంటే ఆ వారమంతా ఇక్కడే ఉండేవారు. రేవు వచ్చాక మీ వేట ఎలా మారుతుందని పడవవాళ్లను అడిగి, వాళ్లు చెప్పేది పూర్తయ్యేదాకా కెమెరా ఆపకుండా కూర్చునేవారు. అలా మా మాట వినిపించుకున్నవారికి, పేరు తెలియకపోయినా, ఈ తీరం తరఫున నమస్కారం.