ఆలోచనతో ఏలేవాడు

ఫిల్మ్‌నగర్‌కు వచ్చినవారి పేర్లు మారడం కొత్త సంగతి కాదు. ఏ గోదావరి గట్టు నుంచో, ఏ పాలమూరు పల్లె నుంచో తల్లిదండ్రులు పెట్టిన పేరుతో బస్సు దిగిన కుర్రవాడు, మొదటి సినిమా విడుదలయ్యే నాటికి మరో పేరుతో వాల్‌పోస్టరు మీద కనిపిస్తాడు. కొణిదెల శివశంకర వరప్రసాద్ ఎవరంటే ఒక్క క్షణం తడుముకుంటాం గాని, చిరంజీవి అంటే పసిపిల్లలకు కూడా తెలుసు. కలిసి రావాలని పేరులో ఒక అక్షరం కలుపుకునేవారూ ఉన్నారు, ఒక అక్షరం తీసేసేవారూ ఉన్నారు. పేరు మారితే రాత మారుతుందని వారి ఆశ.

వారిని చూసి మనం నవ్వనవసరం లేదు. పేరు చిన్న విషయం కాదని బైబిలు కూడా చెబుతుంది. అబ్రాము అబ్రాహాము అయ్యాడు. యాకోబు ఇశ్రాయేలు అయ్యాడు. సీమోను పేతురు అయ్యాడు. అయితే వారి పేరు మారినప్పుడల్లా దాని వెనుక ఒక పిలుపు ఉంది, మోయవలసిన ఒక బాధ్యత ఉంది. మన ఇళ్లలో బిడ్డకు దానియేలు అనో సమూయేలు అనో పేరు పెడితే దాని అర్థం చెప్పే పెద్దలు ఉంటారు. మరి రోనాల్డ్, ఎరిక్ వంటి పేర్ల సంగతేమిటి? బైబిలంతా వెదికినా ఇవి కనిపించవు. వినసొంపుగా ఉన్నాయని పెట్టుకున్నాం, తాతగారి పేరని కొనసాగిస్తున్నాం. వాటి అర్థం మాత్రం అడిగి తెలుసుకున్నవారు తక్కువ.

ఈ రెండూ ఉత్తర ఐరోపా నుంచి వచ్చిన పేర్లు. నార్వే, డెన్మార్క్, ఐస్‌లాండ్ ప్రజల పూర్వికులు మాట్లాడిన భాషను నార్స్ అంటారు. ఈ వారం మనం రోనాల్డ్ అనే నార్స్ పేరు గురించి, ఆ పేరును మన సికింద్రాబాదు దాకా మోసుకొచ్చిన ఒక వైద్యుని జీవితం గురించి తెలుసుకుందాం.

నార్స్ భాషలో ఈ పేరు అసలు రూపం రోగ్న్‌వాల్డ్. ఇందులో రెండు మాటలున్నాయి. మొదటి మాటకు ఆలోచన, నిర్ణయం అని అర్థం. క్రీస్తును ఎరుగని రోజుల్లో ఆ జనులు తమ దేవతల శక్తులను కూడా ఆ మాటతోనే పిలిచేవారు. రెండవ మాటకు ఏలేవాడు అని అర్థం. రెండూ కలిపితే ఆలోచనతో ఏలేవాడు. అధికారం ఒక్కటే ఉంటే చాలదు, దానికి ముందు ఆలోచన నడవాలని ఆ పేరు పెట్టినవారి భావం. రాజ్యం చేతికి వచ్చినప్పుడు సొలొమోను అడిగింది కూడా దీన్నే కదా! రాబోయే రాజు గురించి చెబుతూ యెషయా ప్రవక్త ఆయన భుజం మీద రాజ్యభారాన్ని ఉంచాడు, ఆయనకు ఆలోచనకర్త అనే పేరూ ఇచ్చాడు. ఆలోచన, ఏలుబడి అక్కడ ఒక్కరిలోనే కలిశాయి.

ఈ పేరు ధరించిన పాతవారిలో ప్రసిద్ధుడు ఆర్క్నీ దీవులను ఏలిన రోగ్న్‌వాల్డ్ ప్రభువు. ఆ దీవులు స్కాట్లాండుకు ఉత్తరాన సముద్రంలో ఉన్నాయి. విచిత్రమేమిటంటే ఆయన పుట్టుకతో రోగ్న్‌వాల్డ్ కాదు. తల్లిదండ్రులు పెట్టిన పేరు కాలీ. దీవుల్లో సగభాగం మీద అధికారం దక్కినప్పుడు, ఆయన తల్లి మాట మీద పూర్వపు ప్రభువుల్లో ఘనుడైన ఒక రోగ్న్‌వాల్డ్ పేరును ఆయనకు పెట్టారు. ఆ పేరు కలిసి వస్తుందని వారి నమ్మకం. అంటే ఫిల్మ్‌నగర్ ఆశ తొమ్మిది వందల ఏళ్ల కిందట ఆర్క్నీలోనూ ఉందన్నమాట! ఆయన 1137లో కిర్క్‌వాల్ పట్టణంలో ఒక గొప్ప దేవాలయం కట్టడం మొదలుపెట్టాడు. అది నేటికీ నిలిచి ఉంది. యెరూషలేముకు యాత్ర చేసి యొర్దానులో స్నానం చేశాడు. కవిత్వం కూడా చెప్పేవాడు. 1158లో శత్రువుల చేతిలో హతుడయ్యాడు. ఆ పేరు దీవుల నుంచి స్కాట్లాండు కొండలకు పాకింది, అక్కడి గేలిక్ భాషలో రాగ్నల్ అయింది, ఇంగ్లీషులో రోనాల్డ్‌గా స్థిరపడింది.

జూబ్లీహిల్స్ చెక్‌పోస్టు నుంచి అమీర్‌పేట మీదుగా బేగంపేట వెళితే, పాత విమానాశ్రయం దగ్గర ఒక పాతకాలపు భవనం ఉంది. దానికి సర్ రోనాల్డ్ రాస్ పేరు పెట్టారు. రాస్ ఇక్కడ పనిచేసిన రోజుల్లో జూబ్లీహిల్స్ లేదు, ఫిల్మ్‌నగర్ లేదు. ఆ వైపంతా బండరాళ్లు, తుప్పలు. బేగంపేటలో సైనికుల ఆసుపత్రి ఉండేది.

రాస్ 1857 మే 13న హిమాలయాల పాదాన ఉన్న అల్మోరాలో పుట్టాడు. అప్పటికి మీరట్‌లో సిపాయిల తిరుగుబాటు మొదలై మూడు రోజులే అయింది. తండ్రి స్కాట్లాండు మూలాలున్న సైనికాధికారి. పదిమంది పిల్లల్లో ఈయనే పెద్దవాడు. ఎనిమిదేళ్లకు చదువు కోసం ఇంగ్లండు పంపారు. ఆ బాలుడికి బొమ్మలు గీయడం, కవితలు రాయడం, సంగీతం ఇష్టం. తండ్రి మాత్రం డాక్టరు చదవాలన్నాడు. ఇష్టం లేని చదువు కావడంతో ఒక పరీక్ష తప్పాడు కూడా. చివరికి 1881లో ఇండియన్ మెడికల్ సర్వీసులో చేరి మన దేశానికి తిరిగి వచ్చాడు. మొదటి పదేళ్లలో ఆయన వైద్యం మీద కంటే కవిత్వం మీదే ఎక్కువ మనసు పెట్టాడు.

అయితే చుట్టూ జనం చలిజ్వరంతో చచ్చిపోతున్నారు. మలేరియా అనే ఇటాలియన్ మాటకు చెడుగాలి అని అర్థం. చిత్తడి నేలల నుంచి లేచే గాలి వల్ల ఈ జ్వరం వస్తుందని శతాబ్దాలుగా నమ్మారు. రోగానికి పెట్టిన పేరే లోకాన్ని దారి తప్పించిందన్నమాట. 1880లో లావెరాన్ అనే ఫ్రెంచి వైద్యుడు రోగి రక్తంలో ఒక సూక్ష్మజీవిని చూశాడు. అది ఒక మనిషి నుంచి మరో మనిషికి ఎలా చేరుతుందో మాత్రం ఎవరికీ అంతు చిక్కలేదు.

1894లో సెలవు మీద లండన్ వెళ్లిన రాస్ అక్కడ పాట్రిక్ మాన్సన్ అనే పెద్ద వైద్యుణ్ణి కలిశాడు. మాన్సన్ ఆ సూక్ష్మజీవిని మైక్రోస్కోపులో చూపించి, దోమ మీద తనకున్న అనుమానం చెప్పాడు. రాస్ 1895లో సికింద్రాబాదు వచ్చి పనికి పూనుకున్నాడు. ఇద్దరి మధ్య వందకు పైగా ఉత్తరాలు నడిచాయి. పెద్దవాడు ఆలోచన చెప్పాడు, చిన్నవాడు చేసి చూశాడు. ఆ సలహాలో ఒక పొరపాటు కూడా ఉంది. చనిపోయిన దోమలు పడిన నీళ్లు తాగితే జ్వరం వస్తుందని మాన్సన్ అనుకున్నాడు. రాస్ దాన్ని గుడ్డిగా నమ్మలేదు, గురువు మాటను తోసిపుచ్చనూ లేదు. పరీక్షించి చూశాడు. అన్నిటినీ పరీక్షించి మేలైనదాన్ని చేపట్టమని పౌలు థెస్సలొనీక సంఘానికి నేర్పింది ఇదే పద్ధతి కదా!

రెండేళ్లు గడిచినా ఫలితం లేదు. మధ్యలో కలరా పని మీద బెంగళూరు పంపారు. ఊటీ కనుమల్లో ఆయనకే మలేరియా పట్టుకుంది. 1897 వేసవిలో తిరిగి సికింద్రాబాదు చేరాడు. చెమటకు మైక్రోస్కోపు మరలు తుప్పు పట్టాయి, చూసే అద్దం పగిలింది. పంకా వేస్తే కోసిన దోమ ముక్కలు ఎగిరిపోతాయని గాలి లేకుండానే గంటల తరబడి వంగి కూర్చునేవాడు. ఎన్ని దోమల్ని కోసినా ఏమీ కనబడలేదు. కారణం తర్వాత తెలిసింది. అన్ని దోమలూ మలేరియాను మోయవు. ఆయన అప్పటిదాకా పట్టుకున్నవి వేరే జాతివి.

ఆగస్టులో పనివాళ్లు తెచ్చిన లార్వాల నుంచి మచ్చల రెక్కలున్న గోధుమరంగు దోమలు కొన్ని పుట్టాయి. హుసేన్ ఖాన్ అనే మలేరియా రోగి వాటిచేత కుట్టించుకోవడానికి ఒప్పుకున్నాడు. ఒక్కో దోమకు కూలి ఒక అణా. నాలుగు రోజుల తర్వాత, ఆగస్టు 20న, మిగిలిన కొద్దిపాటి దోమల్లో ఒకదాన్ని రాస్ కోశాడు. దాని కడుపు గోడలో గుండ్రని కణాలు, వాటిలో నల్లని రేణువులు కనిపించాయి. అవి మలేరియా రోగి రక్తంలో కనిపించే రేణువులే. మరునాడు ఇంకో దోమను కోస్తే కణాలు మరింత పెద్దవయ్యాయి. అంటే ఆ జీవి దోమలో బతికి పెరుగుతోంది. అనాఫిలిస్ జాతి దోమ దోషం మొదట బయటపడింది మన బేగంపేటలోనే.

ఆ ఘడియను తలచుకుంటూ రాస్ ఒక కవిత రాశాడు. అందులో ముందుగా చేసింది దేవునికి స్తుతి. కొరింథీయులకు పౌలు రాసిన మొదటి పత్రిక 15వ అధ్యాయం చదివినవారికి ఆ కవిత ముగింపు ఎక్కడి నుంచి వచ్చిందో ఇట్టే తెలుస్తుంది. యొర్దాను దాకా వెళ్లిన ఆర్క్నీ కవి పేరు పెట్టుకున్న ఈ కవికి, గెలిచిన ఘడియలో తన బలం కంటే ముందు దేవుని దయ గుర్తుకు వచ్చింది.

కొద్ది రోజులకే ఆయనను రాజపుతానాలోని ఖేర్వాడాకు బదిలీ చేశారు. అక్కడ మలేరియా రోగులే అరుదు. 1898లో కలకత్తా పంపినప్పుడు పిట్టలకు వచ్చే మలేరియా మీద పని సాగించాడు. మహమ్మద్ బక్ష్ అనే సహాయకుడు రాత్రింబగళ్లు తోడు నిలిచాడు. ఆ జూలైలో, సూక్ష్మజీవి దోమ లాలాజల గ్రంథుల్లోకి చేరి కుట్టినప్పుడు కొత్త ప్రాణిలోకి వెళుతుందని రుజువైంది. 1902లో నోబెల్ బహుమతి వచ్చింది. బ్రిటన్‌కు వచ్చిన మొదటి నోబెల్ అదే. 1911లో సర్ బిరుదు వచ్చింది.

ఇక్కడితో కథ ముగిస్తే మనకు హాయిగా ఉంటుంది. కానీ బైబిలు దావీదు గెలుపుతో పాటు దావీదు పతనాన్ని కూడా దాచకుండా చెప్పింది. రాస్ జీవితంలో తర్వాతి ముప్పై ఏళ్లు ఎక్కువగా కీర్తి తగాదాలతో గడిచాయి. మనుషుల మలేరియా అనాఫిలిస్ దోమలోనే పూర్తిగా పెరుగుతుందని 1898 చివర ఇటలీలో గ్రాస్సీ, ఆయన తోటివారు నిరూపించారు. ఘనత ఎవరిదన్న గొడవలో ఇరువైపులా కఠినమైన మాటలు నడిచాయి. చివరికి దారి చూపిన మాన్సన్‌తో కూడా వ్యవహారం న్యాయవాదుల దాకా వెళ్లింది. వందకు పైగా ఉత్తరాల స్నేహం అలా ముగియడం బాధాకరం. 1914లో మరో దెబ్బ తగిలింది. పెద్ద కుమారుడు ఫ్రాన్సులో యుద్ధంలో చనిపోయాడు. ఆ బిడ్డకు తండ్రి ఇచ్చిన పేరు కూడా రోనాల్డే. రాస్ 1932 సెప్టెంబరు 16న లండన్‌లో, తన పేరుతో వెలసిన సంస్థలోనే కన్నుమూశాడు.

ఈ జీవితంలో పేరుకున్న రెండు సగాలనూ మనం చూడవచ్చు. ఆలోచనకు చెవి ఇచ్చి, చెమట చిందించి, దేవునికి స్తుతి చెల్లించిన రోజున ఆయన ఒక మహా జ్వరం మీద అధికారం పొందాడు. ఘనత నాది అన్న పట్టుదల ఆలోచనను పక్కకు నెట్టాక, సన్మానాల మధ్య కూడా ఆయనకు నెమ్మది దొరకలేదు. మంచి పేరు పెట్టినంత మాత్రాన మంచి జీవితం రాదు. పేరును ప్రతిరోజూ బతకాలి.

రాస్ మొదలుపెట్టిన పని ఇంకా ముగియలేదు. 2023లో లోకమంతటా సుమారు 26 కోట్ల 30 లక్షల మందికి మలేరియా వచ్చిందని, 5 లక్షల 97 వేల మంది చనిపోయారని ప్రపంచ ఆరోగ్య సంస్థ లెక్క. పట్టణాల్లో ఆ జ్వరాన్ని మోసే అనాఫిలిస్ దోమ మిద్దెల మీది నీళ్ల ట్యాంకుల్లో, కడుతున్న భవనాల్లో నిలిచిన నీళ్లలో పుడుతుంది. జూబ్లీహిల్స్ బంగళా ట్యాంకు, ఫిల్మ్‌నగర్ బస్తీ డ్రమ్ము దానికి ఒక్కటే. మూత వేయని ట్యాంకు మన ఇంటిది కావచ్చు, జ్వరం పక్కింటి బిడ్డకు రావచ్చు. పొరుగువాణ్ణి ప్రేమించడమంటే ఒక్కోసారి ట్యాంకుకు మూత వేయడమే.

మరో మాట. సినిమా చివర తెర మీద లైట్‌బాయ్ పేరు కూడా వేస్తారు. ఫిల్మ్‌నగర్‌కున్న మంచి అలవాటు అది. పౌలు కూడా రోమీయులకు రాసిన పత్రిక చివరి అధ్యాయం నిండా తనకు తోడ్పడినవారి పేర్లు పేర్చాడు. కొద్ది అణాల కోసం దోమలకు చేయి చాచిన హుసేన్ ఖాన్ పేరును, మహమ్మద్ బక్ష్ పేరును మనం మన బిడ్డలకు చెప్పాలి. బేగంపేట భవనం మీద ఒక్క పేరే ఉండవచ్చు గాని, ఆ గెలుపులో వారికీ పాలుంది.

మీ ఇంట్లో, మీ సంఘంలో రోనాల్డ్ అనే బిడ్డ ఉంటే ఈ వారం ఆ పేరు అర్థం చెప్పండి. మొదట ఆలోచన, ఆ తర్వాతే అధికారమని చెప్పండి. గెలిచిన రోజున దేవునికి స్తుతి చెల్లించి, తోడు నిలిచినవారి పేర్లు ఒక్కొక్కటిగా తలచుకోవాలని కూడా నేర్పండి.