మాటను విడిచిన రచయిత – కార్ల్ మేయర్

మూకచిత్రాల కాలంలో తెరమీది బొమ్మ కథను సగమే చెప్పేది. పాత్రలు ఏమనుకొన్నవో, ఏమన్నవో తెలియవలెనన్న నడుమ నడుమ వచ్చే టైటిల్ కార్డులను ప్రేక్షకుడు చదువుకొనవలసి వచ్చేది. ఆ కార్డుల ఊత లేకుండనే కథ నడువగలదని నిరూపించిన రచయితలలో అగ్రగణ్యుడు కార్ల్ మేయర్.

1894 నవంబరు 20వ తేదీన ఆస్ట్రియాలోని గ్రాజ్ నగరంలో అతడు జన్మించినాడు. తండ్రి జూదంలో సర్వస్వం పోగొట్టుకొని ఆత్మహత్య చేసికొనగా, తమ్ముల పోషణభారం పసితనం వీడకముందే అతనిపై బడినది. నాటకశాలలలో చిన్న చిన్న పనులు చేసి పొట్ట పోసికొన్నాడు. మొదటి ప్రపంచయుద్ధకాలంలో సైనిక మనోవైద్యుల పరీక్షలు అతనిని వేధించినవి. నిరంకుశాధికారంపై కలిగిన ఏవగింపు, హాన్స్ యానోవిట్జ్‌తో కలిసి వ్రాసిన 'డాక్టర్ కాలిగరి' కథలో రూపుగట్టినది. 1920లో విడుదలైన ఆ చిత్రం అతనికి కీర్తి తెచ్చినది.

అయితే అతని అసలు ప్రయోగం ఆ తరువాతిది. 1921లో వచ్చిన 'షెర్బెన్' చిత్రంలో ఒక రైల్వే కార్మికుని కుటుంబ వినాశాన్ని దాదాపు కార్డులే లేకుండ చూపించినాడు. మాట తొలగితే వస్తువు మాటలాడవలెను, కెమెరా కదలవలెను. అందుచేత అతని చిత్రకథలు ముక్కలు ముక్కలైన చిన్న వాక్యాలతో, పద్యపాదాలవలె విరిగిన పంక్తులతో, దృశ్యపు లయను సూచిస్తూ సాగేవి.

ఈ పద్ధతి 1924లో మూర్నౌ దర్శకత్వాన వెలువడిన 'డెర్ లెట్స్‌టె మాన్'లో పండినది. పెద్ద హోటలు వాకిట నిలిచే వృద్ధ ద్వారపాలకునికి ఒంటిమీది సరిగపట్టీల కోటే గౌరవం. ముసలివాడవైతివని యాజమాన్యం ఆ కోటు విప్పించి, మరుగుదొడ్ల గదిలో తువ్వాళ్లందించే పనికి దింపుతుంది. నిన్న వంగి నమస్కరించిన ఇరుగుపొరుగే నేడు నవ్వుతారు. మనిషిని కాక అతని కోటును గౌరవించే లోకపు తీరును బోధించటానికి ఒక్క సంభాషణ అవసరం కాలేదు. ఛాయాగ్రాహకుడు కార్ల్ ఫ్రాయిండ్ కెమెరాను రొమ్మునకు కట్టుకొని సైకిలుపై కదలినాడు. చిత్రమంతటికి కథనం చెప్పే కార్డు ఒక్కటే: వృద్ధునిపై జాలిగొని రచయిత కల్పించిన సుఖాంతానికి ముందు వస్తుంది.

1927లో అమెరికాలో మూర్నౌ తీసిన 'సన్‌రైజ్'కు కూడ మేయరే రచయిత. అతడు మాత్రం హాలీవుడ్‌కు వెళ్లక, స్వస్థానంనుండియే వ్రాసి పంపినాడు. 1929లో జరిగిన తొలి అకాడమీ బహూకరణోత్సవంలో ఆ చిత్రం కళాత్మకతకు బహుమతి పొందినది.

ఇంతలో టాకీలు వచ్చినవి. తొందర ఎరుగని మేయర్ కలానికి పని తగ్గినది. జర్మనీలో నాజీల ప్రాబల్యం పెరుగగా, యూదుడైన అతడు దేశం విడిచి చివరకు లండన్ చేరినాడు. అక్కడ ఇతరుల చిత్రాలకు సలహాలిస్తూ బీదతనంతోనే కాలం గడిపి, 1944 జులై 1వ తేదీన క్యాన్సర్‌తో మరణించినాడు. అప్పటికి ఏబదియేండ్లు నిండలేదు.

కోటు పోయిన ద్వారపాలకునికి సుఖాంతం కల్పించిన రచయితకు తన జీవితంలో అట్టి సుఖాంతం లభించలేదు. కాని ఎక్కడ మాట అక్కరలేదో తెలిసికొనటం కూడ రచనయేనన్న పాఠాన్ని అతడు మిగిల్చిపోయినాడు.