చెప్పులు కుట్టే ఇంట్లో పుట్టిన శాస్త్రవేత్త



మా ఇంట్లో డిగ్రీ చదివిన మొదటివాణ్ణి నేనే. అమ్మ నాలుగిళ్లలో పనిచేసి నన్ను చదివించింది. అందుకే ఎమ్మెస్సీ కెమిస్ట్రీలో లియో బేక్‌లాండ్ జీవితం చదివినప్పుడు ఆయన మన హాస్టల్ మనిషేమో అనిపించింది.

బేక్‌లాండ్ 1863 నవంబర్ 14న బెల్జియం దేశంలోని ఘెంట్ నగరంలో పుట్టాడు. తండ్రి చెప్పులు కుట్టి బతికేవాడు. తల్లి ఒకప్పుడు ఇళ్లలో పనిచేసింది. కొడుకు చదవాలన్నది ఆమె పట్టుదల. బేక్‌లాండ్ స్కాలర్‌షిప్‌తో యూనివర్సిటీలో చేరి, 21 ఏళ్లకే డాక్టరేట్ పొందాడు. 1889లో అమెరికా వెళ్లాడు. వెలాక్స్ అనే ఫోటో కాగితం కనిపెట్టి, 1899లో దాని హక్కులు ఈస్ట్‌మన్‌కు అమ్మి ధనవంతుడయ్యాడు. అయినా ప్రయోగశాల వదల్లేదు.

ఆ రోజుల్లో కరెంటు సామాన్లకు లక్క వాడేవారు. అది ఎక్కువగా మన దేశం నుంచే వెళ్లేది. దానికి బదులుగా ఆయన 1907లో ఫినాల్, ఫార్మాల్డిహైడ్‌లను కలిపి, వేడి, ఒత్తిడితో బేకలైట్ తయారుచేశాడు. పూర్తిగా కృత్రిమమైన తొలి ప్లాస్టిక్ అదే. పాత ఇళ్లలోని నల్ల స్విచ్‌లు, కుక్కర్ పిడి దానితో చేసినవే. ఆయన 1944 ఫిబ్రవరి 23న కన్నుమూశాడు.

అదే 1863లో ఇంగ్లండులో పుట్టిన ఫ్రెడరిక్ కిప్పింగ్ సిలికోన్ల మీద పరిశోధించాడు. మామూలు ప్లాస్టిక్‌కు వెన్నెముక కార్బన్ గొలుసు. సిలికోన్‌లో ఇసుక నుంచి వచ్చే సిలికాన్, ఆక్సిజన్ ఒకదాని తర్వాత ఒకటి ఉంటాయి. అందుకే అది వేడికి, ఎండకు బాగా తట్టుకుంటుంది. కొన్ని కుక్కర్ల గ్యాస్కెట్లు దానివే. కానీ అదీ మట్టిలో తేలిగ్గా కలిసిపోదు.

బేక్‌లాండ్ తర్వాత వచ్చిన పలుచని కవర్లు ఎండకు పెళుసెక్కి ముక్కలవుతాయి. 5 మిల్లీమీటర్ల కన్నా చిన్నవాటిని మైక్రోప్లాస్టిక్స్ అంటారు. 2022లో నెదర్లాండ్స్ శాస్త్రవేత్తలు మనుషుల రక్తంలోనూ ప్లాస్టిక్ కణాలు గుర్తించారు. వాటివల్ల ఎంత హాని అన్నది ఇంకా పరిశోధిస్తున్నారు.

ఆయన ఏళ్ల తరబడి మన్నే వస్తువు చేశాడు. మనం ఒక్కపూట వాడి పారేస్తున్నాం. తమ్ముళ్లూ, వేడి సాంబారు కవర్లో కట్టించుకోకండి, స్టీలు గిన్నె తీసుకెళ్లండి. చెత్తలో ప్లాస్టిక్ తగలబెట్టకండి. మట్టిలో కలిసిపోయే మంచి పదార్థాన్ని ఇంకా ఎవరో ఒకరు కనిపెట్టాలి. స్కాలర్‌షిప్‌తో చదివే మనలో ఒకరు ఆ పని ఎందుకు చేయకూడదు?