పావులూరి మల్లన

తెనుగున కావ్యములు వ్రాసి కీర్తి గాంచిన కవులు పెక్కండ్రు గలరు. లెక్కలను పద్యములుగా కూర్చి కీర్తి గాంచినవారు మాత్రము మిక్కిలి అరుదు. అట్టివారిలో ప్రథముడు పావులూరి మల్లన.

ఇతడు 900 సంవత్సరములకు పైబడిన పూర్వకాలమువాడు. కమ్మనాటిలోని పావులూరు ఇతని గ్రామము. తండ్రి పేరు శివ్వన. రాజరాజనరేంద్రుని కోరికపై రాజమహేంద్రవరమున నన్నయభట్టు భారతమును తెనిగింప మొదలిడినది పదునొకండవ శతాబ్దమున. మన సాహిత్యమునకు అవి తొలినాళ్ళు. శాస్త్రములన్నియు సంస్కృతముననే యుండెను. ఆ భాష నెఱుగని రైతునకును వర్తకునకును అవి మూసిన తలుపులే. పొలము కొలుచునపుడు గాని, ధాన్యము పంచునపుడు గాని, వడ్డి కట్టునపుడు గాని లెక్క తప్పినచో, నష్టపోవువాడు చదువురానివాడే గదా!

సుమారు 850వ సంవత్సర ప్రాంతమున, రాష్ట్రకూట చక్రవర్తి అమోఘవర్షుని కాలమున, మహావీరాచార్యుడను జైన పండితుడు గణితసారసంగ్రహమను గ్రంథమును సంస్కృతమున రచించెను. అంతకు పూర్వము గణితము తఱచుగా జ్యోతిష గ్రంథములలో ఒక భాగముగా నుండెడిది. ఈ గ్రంథము కేవలము గణితమునకే ఏర్పడినది. మల్లన దానిని తెనుగు పద్యములలోనికి తెచ్చెను. అతడు శివభక్తుడు. కనుక మూలములోని జైన సంబంధమైన ఉదాహరణములకు మాఱుగా శైవ సంబంధమైన వానిని చేర్చెను. విషయము చెడలేదు, చదువువారికి దగ్గఱ యయ్యెను.

మహావీరుని గ్రంథమున వర్గమూలములతో కూడిన లెక్కలు పెక్కు గలవు. ఆ తీరు తెలియుటకై మన అనంతపురము సీమకు తగిన లెక్క నొకటి చెప్పుకొందము. వానలు కఱవైన ఈ మెట్టసీమలో ఒక గొల్లవాడు మందను తోలుకొని నీటికై వెదకుచుండెను. మందలోని గొఱ్ఱెల సంఖ్యకు వర్గమూల మెంతయో, దానికి నాలుగు రెట్లు గొఱ్ఱెలు చెఱువు చేరినవి. తక్కిన 21 వెనుకబడినవి. మంద యెంత?

వర్గమూలమును ‘య’ అనుకొందము. అపుడు య² − 4య = 21. ఎడమవైపు సంపూర్ణ వర్గము కాదు. 4లో సగము 2, దాని వర్గము 4. ఆ 4ను ఇరువైపుల కూడినచో య² − 4య + 4 = 25 అగును. ఎడమవైపునున్న మూడు పదములును ఇపుడు ఒక్క (య − 2)² గా ఒదిగినవి. 25 అనగా 5². కావున య − 2 = 5, య = 7. ఋణసంఖ్య ఇచట పనికిరాదు. మంద 49; చెఱువు చేరినవి 28, వెనుకబడినవి 21. లెక్క సరిపోయినది. లోపించిన చిన్న భాగమును గుర్తించి పూరించుటయే ఇందలి కిటుకు.

చదరంగపు 64 గళ్ళలో మొదటిదానియందు ఒక గింజ, ఆపై గడిగడికి రెట్టింపు చొప్పున నుంచినచో మొత్తము 1,84,46,74,40,73,70,95,51,615 అగును. ఇరువది అంకెలు గల ఈ మొత్తమును మల్లన ఒక్క పద్యమున ఇమిడ్చెను. చంద్రుడనగా ఒకటి, ఆకాశమనగా సున్న, వేదములనగా నాలుగు — ఇట్లు అంకెలకు మాటలను పెట్టి, కుడినుండి ఎడమకు లెక్కించు ప్రాచీన పద్ధతి నతడు వాడెను. పద్యము కంఠస్థమైనచో సంఖ్యయు కంఠస్థమే. కాగితము లేని కాలమున ఇది ఎంతటి ఉపకారము!

మల్లన రాజ్యములు గెలువలేదు. కొందఱి సొత్తైన విద్యను తన భాషవారికి అందఱకు పంచెను. విద్యార్థులారా! గణితము కఠినమని తోచినపుడు, దానిని తెనుగుపాటగా నేర్చిన మన పూర్వులను తలచుకొనుడు. కఠినమైన దానిని తాను గ్రహించి ఇతరులకు సులభము చేయువాడే నిజమైన విద్వాంసుడు.