సతీశ్ ధవన్: గెలుపు మీది, ఓటమి నాది

శ్రీహరికోట షార్ కేంద్రానికి పేరిచ్చిన సతీశ్ ధవన్‌ గారి గురించి సోదర విద్యార్థులకు నాలుగు మాటలు చెప్పాలనిపించింది.

1920లో శ్రీనగర్‌లో పుట్టిన ఆయన అమెరికాలో కాల్టెక్‌లో డాక్టరేట్ చేసి, 1951లో బెంగుళూరు సైన్స్ ఇన్‌స్టిట్యూట్‌లో చేరారు. దేశంలో మొట్టమొదటి సూపర్‌సానిక్ విండ్ టన్నెల్‌ను అక్కడే నెలకొల్పారు.

ఏమిటీ సూపర్‌సానిక్? నేను పిఠాపురంవాణ్ణి, ఏలేరు నీళ్ళు చూస్తూ పెరిగాను. పడవ తను లేపిన అలలకన్నా జోరుగా పోతే ఆ అలలన్నీ ముక్కు దగ్గర పోగుపడి రెండు పాయలుగా విడిపోతాయి కదా! గాలిలోనూ అంతే. నేలమీద ధ్వని వేగం సెకనుకు సుమారు 340 మీటర్లు. విమానం ధ్వనిని మించి పోతే ముందున్న గాలికి కబురే అందదు. ఒత్తిడంతా ఒక్కచోట చేరి షాక్ తరంగమవుతుంది. మన చెవికి ఢామ్మని వినిపించేది అదే.

1972లో ఆయన ఇస్రో అధ్యక్షులయ్యారు. 1979 ఆగస్టు 10న ఎస్‌ఎల్‌వి-3 బంగాళాఖాతంలో కూలినప్పుడు విలేకరుల ముందుకు తానే వచ్చి బాధ్యత నెత్తిన వేసుకున్నారు. 1980 జూలై 18న రోహిణి కక్ష్యలో చేరినప్పుడు మాత్రం కలాం గారిని ముందుకు పంపారు. 2002లో కన్నుమూశారు.

రేపు యూనియన్ పదవుల్లో కూర్చోబోయే తమ్ముళ్ళూ, చెల్లెళ్ళూ! షాక్ తరంగం సూత్రాలు పుస్తకంలో దొరుకుతాయి. ఈ పెద్దరికం మాత్రం ఇలాంటి వాళ్ళ బతుకుల్లోనే చదువుకోవాలి.