వాల్తేరులో పుట్టి బెర్లిన్‌లో పని నేర్చిన దేవికారాణి

దేవికారాణి అనగానే పాత సినిమాలు తెలిసినవాళ్లకు రెండే గుర్తొస్తాయి. తెర మీద మొగుడితో పెట్టుకున్న ఆ పొడుగాటి ముద్దు ఒకటి. ఎవరితోనో వెళ్లిపోయిందన్న కబురు ఇంకొకటి. ఆమె మన వాల్తేరులో పుట్టిందని, జర్మనీ పోయి సినిమా పని నేర్చుకొచ్చిందని చెబితే నిజమా అంటారు.

1908 మార్చి 30న వాల్తేరులో పుట్టింది. మా జనగామ మీదుగా, మా పుట్టిల్లు మానుకోట మీదుగా పోయే రైలెక్కితే దిగే ఊరే అది. బెంగాలీల బిడ్డ, రవీంద్రనాథ్ ఠాగూరుకు బంధువు. తండ్రి మన్మథనాథ్ చౌధురి డాక్టరు, మద్రాసు ప్రెసిడెన్సీకి సర్జన్ జనరల్‌గా చేశాడు. తొమ్మిదేళ్ల పిల్లను చదువుకని ఇంగ్లండు పంపారు. ఆ వయసులో మన పిల్లల్ని హాస్టల్లో వెయ్యాలంటేనే మనకు ఏడుపొస్తుంది!

అక్కడ నాటకం, సంగీతం నేర్చుకుంది. బట్టల మీద డిజైన్లు వేసే పనిలో ఉండగా 1928లో హిమాంశు రాయ్ పరిచయమయ్యాడు. ఆమెకన్నా పదహారేళ్లు పెద్ద. మ్యూనిక్‌లోని ఎమెల్కా కంపెనీతో కలిసి 1925లోనే లైట్ ఆఫ్ ఏషియా తీసినవాడు. తర్వాతి సినిమా ఎ త్రో ఆఫ్ డైస్‌కు దుస్తులు, సెట్ల పనిలో సాయపడమని ఆమెను పిలిచాడు. 1929లో పెళ్లి చేసుకున్నారు. అంటే తెర మీదికి రాకముందే తెర వెనక పని చేసిందన్నమాట. నాకు ఆమె మీద గౌరవం మొదలైంది అక్కడే.

పెళ్లయ్యాక బెర్లిన్ దగ్గర ఉఫా స్టూడియో. అప్పట్లో యూరప్ సినిమాకు అది పెద్ద బడి. ఫ్రిట్జ్ లాంగ్ మెట్రోపోలిస్ తీసింది అక్కడే, మార్లిన్ డీట్రిచ్ బ్లూ ఏంజెల్ తయారైందీ అక్కడే. వెలుగునీడల్ని ముందే లెక్కేసుకుని, సెట్టు బొమ్మ గీసుకుని, ఎవరి శాఖ పని వాళ్లు చేసే పద్ధతి వాళ్లది. మేకప్, దుస్తులు, సెట్టు, నటన అన్నీ దగ్గరుండి నేర్చుకుంది. 1933లో భార్యాభర్తలిద్దరూ నటించిన కర్మ లండన్‌లో విడుదలైంది. ఆ ఏడే జర్మనీ హిట్లర్ చేతికి చిక్కింది. ఇక వీళ్ల బతుకు బొంబాయిలోనే.

1934లో మలాడ్‌లో బాంబే టాకీస్ పెట్టారు, వాటాలు అమ్మి, పద్ధతిగా, కంపెనీలాగా. డైరెక్టర్ ఫ్రాంజ్ ఆస్టెన్, కెమెరా జోసెఫ్ విర్షింగ్, ఇద్దరూ జర్మన్లే. సంగీతం మాత్రం ఒక ఆడమనిషి చేతిలో పెట్టారు. పార్సీ అమ్మాయి ఖుర్షీద్‌ను సరస్వతీదేవి అని పేరు మార్చి మరీ పెట్టుకున్నారు, మంచింటి ఆడపిల్లలకు సినిమా ఏమిటని జనం గోల చేసే రోజుల్లో.

ఆ కబురు కూడా చెప్పాలి. జీవన్ నయ్యా తీస్తుండగా ఆమె హీరో నజ్ముల్ హసన్‌తో కలకత్తా వెళ్లిపోయింది. పెద్దమనుషులు నచ్చజెప్పి తీసుకొచ్చారు. తిరిగి రావడానికి తన డబ్బు లెక్కలు తనకు వేరుగా ఉండాలని షరతు పెట్టిందంటారు. నా దృష్టిలో ఆ షరతే అసలు కథ. అతని ఉద్యోగం పోయింది, ఆ స్థానంలోకి లాబొరేటరీలో పనిచేసే కుర్రాణ్ని లాక్కొచ్చారు. అతనే అశోక్ కుమార్! 1936లో ఇద్దరూ అఛూత్ కన్యలో నటించారు. రైల్వే గేటు కాపలాదారు కూతురు, హరిజన పిల్ల, బ్రాహ్మల అబ్బాయి. చివరికి రైలును ఆపబోయి ఆ పిల్ల పట్టాల మీదే పోతుంది.

ఈ మధ్య భూపాలపల్లిలో మా ఆడబిడ్డ కూతురు హైదరాబాద్ పోయి ఎడిటింగ్ చదువుతానంది. సింగరేణిలో చేసే వాళ్ల నాన్న ససేమిరా అన్నాడు. నేను దేవికారాణి సంగతి ఎత్తితే, ఆ వెళ్లిపోయినామేనా అన్నాడు అన్నయ్య. స్టూడియో నడిపిన సంగతి ఆయన చెవిన ఎన్నడూ పడలేదు మరి. అప్లికేషన్ ఫారం ఇంకా బీరువా మీదే ఉంది.

నిజానికి ఆమె అసలు పరీక్ష 1939 తర్వాత. యుద్ధం రాగానే జర్మన్ నిపుణుల్ని బ్రిటిష్‌వాళ్లు నిర్బంధించారు. 1940లో హిమాంశు రాయ్ చనిపోయాడు. ముప్పై రెండేళ్ల విధవ, అంత పెద్ద కంపెనీ, వాటాదారులు, లోపల రెండు వర్గాలు. అయినా పగ్గాలు పట్టింది. 1943లో వచ్చిన కిస్మత్ కలకత్తాలో ఒకే థియేటర్లో మూడేళ్లకు పైగా ఆడింది. ఆ ఏడే అశోక్ కుమార్, శశధర్ ముఖర్జీ విడిపోయి ఫిల్మిస్తాన్ పెట్టుకున్నారు. ఆమె యూసుఫ్ ఖాన్ అనే కొత్త కుర్రాణ్ని తీసుకుంది. 1944లో జ్వార్ భాటాతో అతను దిలీప్ కుమార్ అయ్యాడు.

1945లో తన వాటాలు అమ్మేసి, రష్యన్ చిత్రకారుడు స్వెతస్లావ్ రోరిక్‌ను పెళ్లాడి వెళ్లిపోయింది, మొదట కులూ లోయకు, తర్వాత బెంగుళూరుకు. 1952లో మన దేశంలో మొదటి అంతర్జాతీయ చిత్రోత్సవం జరిగి, ఇటలీ నుంచి బైసికిల్ థీవ్స్ వచ్చి, సెట్టూ లేకుండా వీధిలోనే సినిమా తియ్యొచ్చని మనవాళ్లు నోరు తెరిచి చూసేనాటికి ఆమె సినిమా వదిలి ఏడేళ్లు. జర్మనీ పాఠం తెచ్చినామె ఇటలీ పాఠం చూసి ఏం తీసేదో!

1958లో పద్మశ్రీ ఇచ్చారు. 1969 సంవత్సరానికి దాదాసాహెబ్ ఫాల్కే అవార్డు మొట్టమొదట ఆమెకే ఇచ్చారు. 1993లో రోరిక్, 1994 మార్చి 9న ఆమె పోయారు. పిల్లల్లేరు. బెంగుళూరు శివార్లలో నాలుగువందల ఎకరాలు దాటిన తాతగుణి తోట కోసం కోర్టుల్లో ఏళ్లకేళ్లు తగాదా నడిచింది. 2011లో సుప్రీంకోర్టు తీర్పుతో అది కర్ణాటక ప్రభుత్వానికి దక్కింది.