రైలు కార్మికుల గిరిగారు

వేలూరు సెంట్రల్ జైలు గోడలను మనలో చూడనివారు లేరు. ఆ గోడల వెనుక మన తెలుగువారెవరుండిరో పిల్లలకు చెప్పువారు మాత్రము తక్కువ. 1942 ఉద్యమమున పట్టుబడి, ఇక్కడను, బేరారులోని అమరావతి జైలులోను మూడేండ్లు గడిపిన వరాహగిరి వెంకటగిరిగారిని గూర్చి ఈ ఉగాది సంచికలో నాలుగు మాటలు వ్రాయుచున్నాము. మేము రైల్వే గుమాస్తాలము. కొంత పక్షపాతమున్నచో పాఠకులు మన్నింతురు గాక.

గిరిగారు 1894లో బరంపురమున ప్లీడరుగారి ఇంట పుట్టిరి. 1913లో న్యాయశాస్త్రము చదువుటకు డబ్లిను వెళ్లిరి. ఆ యేడే అక్కడ కూలీలకును యజమానులకును పెద్ద పోరాటము సాగినది. 1916లో ఐర్లండు విప్లవకారులతో స్నేహము కారణముగా ఆ దేశము విడువవలసి వచ్చెను.

తిరిగి వచ్చి బెంగాల్ నాగపూర్ రైల్వే కార్మికులను కూడగట్టిరి. 1927లో ఖరగ్‌పూరు కార్ఖానాలో వేలమందిని తీసివేయ నిశ్చయించగా సమ్మె జరిగెను. ఆకలిని ఓర్చి నిలిచిన ఆ కుటుంబముల బలమే గిరిగారిని నాయకుని చేసెను. అఖిల భారత రైల్వే కార్మిక సమాఖ్య స్థాపకులలో వారొకరు. 1937 ఎన్నికలలో జమీందారైన బొబ్బిలి రాజావారిని ఓడించి, మదరాసు మంత్రివర్గములో కార్మికశాఖ చేపట్టిరి. కూలీల వకీలు రాజావారిని గెలుచుట అంతకు పదేండ్ల ముందు ఎవరూ ఊహింపనిది!

1954లో బ్యాంకు ఉద్యోగుల జీతముల తీర్పును ప్రభుత్వము మార్చగా, కేంద్రమంత్రి పదవినే వదలుకొనిరి. 1969లో 14 బ్యాంకుల జాతీయకరణ ఆర్డినెన్సుపై తాత్కాలిక రాష్ట్రపతిగా సంతకము చేసినదియు వారే. ఆ ఆగస్టులో సంజీవరెడ్డిగారిపై నెగ్గి రాష్ట్రపతి అయిరి. ఇద్దరును మనవారే, ఎవరికి సంతోషింపవలెనో తెలియని ఎన్నిక అది.

కాని 1974 మే 8న రైల్వే సమ్మె ఆరంభమైనప్పుడు రాష్ట్రపతి గిరిగారే. దానికి నాయకత్వము వహించిన జార్జి ఫెర్నాండెజ్ గిరిగారు స్థాపించిన సమాఖ్యకే అధ్యక్షుడు. బోనసు, ఎనిమిది గంటల పని కోరినవారిని వేలకొలది జైళ్లలో పెట్టిరి. క్వార్టర్సునుండి కుటుంబములను వెళ్లగొట్టిరి. మే 27న కోరికలు తీరకయే సమ్మె ముగిసెను. తొలగింపబడినవారిని 1977లో క్రొత్త ప్రభుత్వము తిరిగి చేర్చుకొనెను. 1979లో బోనసు కూడ వచ్చెను. గిరిగారు 1980లో మదరాసున కన్నుమూసిరి.

గుడియాత్తంలో మేమెరిగిన పెద్దాయన ఒకరు ఆ సమ్మెలో ఉద్యోగము పోగొట్టుకొని మూడేండ్లు మగ్గము నేసిరి. వారింటి గోడపై గిరిగారి పటము నేటికిని ఉన్నది. ఎందుకు తీయలేదని ఒకనాడు అడిగితిమి. 1954ను తలచి ఉంచితినని, 1974ను తలచి దండ మాత్రము వేయుట మానితినని చెప్పిరి.